మార్కును కాదు, దిద్దిన తీరును: నరసాపురం నుంచి హైకోర్టు దాకా పరీక్షల వ్యాజ్యాల చరిత్ర

గోదావరి డెల్టాలో బడి చదువుకూ, దాని ఖర్చు భరించిన జనానికీ మధ్య ఉన్న సంబంధం పబ్లిక్ పరీక్షల కంటే పాతది. 1850ల మధ్యలో రాజమండ్రి జిల్లా సబ్‌కలెక్టరుగా ఉన్న జి.ఎన్. టేలర్ నరసాపురం ప్రాంతంలో పాఠశాలలు తెరిపించినప్పుడు, వాటిని నిలబెట్టడానికి అక్కడి రైతులు శిస్తుతో పాటు విడిగా ఒక పన్ను చెల్లించడానికి ఒప్పుకున్నారు. అలా ఇష్టపూర్వకంగా మొదలైన వసూలుకు చట్టబద్ధత కల్పించవలసి రావడం 1863 నాటి మద్రాసు విద్యాచట్టానికి ముఖ్య కారణాల్లో ఒకటి. నరసాపురం హైస్కూలుకు టేలర్ పేరు అలాగే నిలిచిపోయింది. అయితే పన్ను కట్టి బడి పెట్టుకున్న రైతుకు, ఆ బడిలో చదివిన తన కొడుకు రాసిన పేపరును ఎలా దిద్దారో చూపించమని అడిగే హక్కు మాత్రం ఆ తరువాత నూట యాభై ఏళ్ళ దాకా దక్కలేదు. ఆ హక్కు ఏ దారిన వచ్చింది, ఎంత మేరకు వచ్చింది, ఎక్కడ ఆగిపోయింది అన్న ప్రశ్నలకు జవాబు విద్యాశాఖ దస్త్రాలలో కంటే న్యాయస్థానాల తీర్పులలో ఎక్కువగా దొరుకుతుంది. ఆ తీర్పులను వరుసగా చూస్తే, మార్కులు వేసే పని తమ మీద పెట్టుకోవడానికి న్యాయమూర్తులు దాదాపు ఎన్నడూ ఒప్పుకోలేదనీ, ఆ మార్కులు వేసిన తీరును ప్రశ్నించడానికి మాత్రం క్రమంగా అలవాటుపడ్డారనీ తేలుతుంది.

మెట్రిక్యులేషన్ నుంచి ఎస్సెల్సీ దాకా

1857లో మద్రాసు విశ్వవిద్యాలయం ఏర్పడి మెట్రిక్యులేషన్ పరీక్షను ప్రవేశపెట్టిన నాటి నుంచి, అర్హత పరీక్ష, అంటే పై చదువుకు గాని ఉద్యోగానికి గాని పనికివస్తాడని తేల్చే పరీక్ష, మధ్యతరగతి కుటుంబాల జీవితాలను శాసించడం మొదలుపెట్టింది. రాజమండ్రిలో 1853లో మొదలైన ప్రభుత్వ పాఠశాల 1870లలో కళాశాలగా ఎదగడంతో డెల్టా కుర్రవాళ్ళకు పై చదువు దగ్గరికి వచ్చింది గాని, పరీక్షాధికారం మద్రాసులోనే ఉండిపోయింది. ప్రశ్నపత్రం అక్కడి నుంచి వచ్చేది, రాసిన పేపర్లు అక్కడికి పోయేవి, తిరిగి వచ్చేది ఫలితం ఒక్కటే. మార్కులు తక్కువ పడ్డాయని అనుమానం వచ్చినవాడు మళ్ళీ ఫీజు కట్టి మళ్ళీ పరీక్షకు కూర్చోవడమే మార్గం.

1910 దశకం తొలి ఏళ్ళలో మెట్రిక్యులేషన్ స్థానంలోకి వచ్చిన ఎస్సెల్సీ, అంటే సెకండరీ స్కూల్ లీవింగ్ సర్టిఫికెట్, ఈ పద్ధతిని కొంత మార్చింది. ఎస్సెల్సీ పుస్తకంగా జనం పిలుచుకున్న ఆ సర్టిఫికెట్టులో విద్యార్థి పుట్టినతేదీ, ఒంటి మీది పుట్టుమచ్చలు, బడిలో తరగతి పరీక్షల మార్కులు, చివర పబ్లిక్ పరీక్ష మార్కులు వరుసగా నమోదయ్యేవి. వాటిని చూసి విశ్వవిద్యాలయం ఫలానా విద్యార్థి కళాశాలకు అర్హుడని ప్రకటించేది. ఎస్సెల్సీ ప్యాసవడం వేరు, ఎలిజిబుల్ కావడం వేరు అన్న మాట ఆ తరం వాళ్ళ నోట చాలాకాలం వినిపించింది. ఇదే దశలో మోడరేషన్ అనే పద్ధతి కూడా స్థిరపడింది: పేపరు మరీ కఠినంగా వచ్చినప్పుడో, దిద్దినవాళ్ళలో ఒకరికీ మరొకరికీ పొంతన లేనప్పుడో, పరీక్షా మండలి కూర్చుని అందరి మార్కులనూ ఒక లెక్క ప్రకారం సవరించడమే మోడరేషన్. ఈ సవరణ తలుపులు మూసుకుని జరిగేది కాబట్టి, తన మార్కుల్లో తాను రాసినవి ఎన్నో, మండలి కలిపినవో తీసేసినవో ఎన్నో విద్యార్థికి తెలిసే వీలు లేదు.

ఉత్తర సర్కారుల అడ్డంకి

స్వాతంత్ర్యానికి ముందు నరసాపురంలో న్యాయస్థానాలు లేకపోలేదు. మునసబు కోర్టు, సబార్డినేట్ జడ్జి కోర్టు అక్కడే ఉండేవి. అయినా మార్కుల తగాదా ఆ కోర్టు మెట్లెక్కడానికి 1877 నాటి నిర్దిష్ట ఉపశమన చట్టమే అడ్డుపడేది. ఆ చట్టంలోని 42వ సెక్షను ప్రకారం, తనకొక న్యాయబద్ధమైన హోదా గాని, ఆస్తిలో హక్కు గాని ఉందని చెప్పగలిగినవాడే దాన్ని ప్రకటించమని, అంటే డిక్లరేషన్ ఇమ్మని, సివిల్ కోర్టును కోరగలడు. సర్టిఫికెట్టులో తప్పుగా పడిన పుట్టినతేదీని సవరించమని దావా వేయడానికి ఈ దారి పనికివచ్చింది; ఉద్యోగ విరమణ వయస్సు ఆ తేదీ మీదే ఆధారపడటంతో అటువంటి దావాలు తెలుగు జిల్లాల మునసబు కోర్టులకు మామూలైపోయాయి. మార్కు మాత్రం హోదా కాదు, ఆస్తీ కాదు. లెక్కల పేపరులో రావలసిన ముప్పై అయిదుకు ముప్పై మూడే పడ్డాయన్న ఫిర్యాదు ఆ సెక్షనులో ఇమడదు.

అధికారులను వారి విధి నిర్వర్తించమని ఆదేశించే అధికారం అదే చట్టంలోని 45వ సెక్షను కింద హైకోర్టుకు ఉండేది గాని, అది మద్రాసు, కలకత్తా, బొంబాయి నగరాల హద్దులు దాటేది కాదు. ఇంగ్లండు రాజు పేరిట వెలువడే రిట్లు, అంటే అధికార సంస్థ చేసిన తప్పును సరిచేయమనో, చేయవలసిన పని చేయమనో హైకోర్టు నేరుగా జారీ చేసే ఆజ్ఞలు, తెలుగు జిల్లాలకు ఎంత దూరమో 1943లో ప్రీవీ కౌన్సిల్ స్పష్టం చేసింది. పర్లాకిమిడి జమీందారుకూ, అతని రైతులకూ మధ్య శిస్తుల విషయంలో వచ్చిన ఆ వ్యాజ్యంలో, రెవెన్యూ బోర్డు కార్యాలయం మద్రాసు నగరంలోనే ఉన్నప్పటికీ, ఉత్తర సర్కారులలోని రైతుల తగాదాలో హైకోర్టు రిట్ జారీ చేయజాలదని కౌన్సిల్ తీర్పు చెప్పింది. ఆ తీర్పు భూమిశిస్తు గురించినదే అయినా దాని నీడ గోదావరి జిల్లాల మీద కూడా పడింది, ఎందుకంటే నరసాపురం కూడా ఉత్తర సర్కారులలోనిదే. పైగా 1926లో బెజవాడలో ఏర్పడి, 1930లో వాల్తేరుకు తరలిన ఆంధ్ర విశ్వవిద్యాలయం మద్రాసు నగరానికి పూర్తిగా వెలుపలే ఉండటంతో, దాని పరీక్షలు రాసిన విద్యార్థికి 45వ సెక్షను దారి కూడా మూసుకుపోయింది. రాజధానిలో చదివినవాడికీ, డెల్టాలో చదివినవాడికీ పరీక్షాధికారాన్ని నిలదీసే విషయంలో చట్టమే ఈ తేడా చూపింది.

రాజ్యాంగం తెరిచిన తలుపు

1950 జనవరి 26న అమలులోకి వచ్చిన రాజ్యాంగం 226వ అధికరణం ద్వారా ప్రతి హైకోర్టుకూ తన రాష్ట్రమంతటా రిట్లు జారీ చేసే అధికారం ఇవ్వడంతో ఈ తేడా తొలగిపోయింది. నరసాపురంలో యర్రమిల్లి నారాయణమూర్తి పేరిట వై.ఎన్. కళాశాల వెలిసింది 1949లో. అంటే ఊళ్ళోనే డిగ్రీ దాకా చదివే అవకాశమూ, ఆ చదువుకు పెట్టే పరీక్షను హైకోర్టులో ప్రశ్నించే అవకాశమూ దాదాపు ఒకే కాలంలో వచ్చాయి. ఆంధ్ర రాష్ట్రం ఏర్పడ్డాక 1954లో గుంటూరులోనూ, 1956 నుంచి హైదరాబాదులోనూ హైకోర్టు కొలువుదీరింది.

తొలి దశలో న్యాయస్థానాలు జోక్యం చేసుకున్నది మార్కుల లెక్కలో కాదు, శిక్షల విషయంలో. కాపీ కొట్టాడన్న ఆరోపణతో ఫలితం రద్దు చేసేటప్పుడు ఆ విద్యార్థి సంజాయిషీ వినాలా అన్న ప్రశ్న మీద సుప్రీం కోర్టు 1962లో ఉత్తరప్రదేశ్ హైస్కూలు బోర్డు కేసులో, వినకుండా శిక్షించడం సహజ న్యాయానికి విరుద్ధమని చెప్పింది. తన వాదన చెప్పుకునే అవకాశం ఇవ్వకుండా ఎవరినీ దోషిగా తేల్చరాదన్నదే సహజ న్యాయం. 1970లో బీహారు పాఠశాల పరీక్షా మండలి కేసు వచ్చేసరికి దీనికి ఒక హద్దు పడింది: ఒక కేంద్రంలో మూకుమ్మడిగా కాపీ జరిగిందని జవాబుల పోలికే చెబుతున్నప్పుడు, ఆ కేంద్రం పరీక్షనంతా రద్దు చేయడానికి ఒక్కొక్క విద్యార్థినీ విడివిడిగా పిలిచి విచారించనక్కరలేదు. ఈ రెండు తీర్పులూ నేటికీ పరీక్షా మండళ్ళకు చేతి పుస్తకం వంటివి. ఆంధ్రప్రదేశ్ 1997లో పబ్లిక్ పరీక్షల అక్రమాల నిరోధానికి ప్రత్యేక చట్టం చేసిన తరువాత కూడా వ్యక్తి మీద చర్యకు విచారణ, కేంద్రం మీద చర్యకు మొత్తం పరిస్థితి అన్న విభజన అలాగే నిలిచింది.

అర్హత పరీక్ష ఒక్కటే చాలునా?

మార్కుల విలువ మీద నేరుగా సాగిన తొలినాటి పెద్ద వ్యాజ్యాలలో ఒకటి తెలుగు నేలదే కావడం గమనించదగినది. 1960ల చివర వైద్య కళాశాలల్లో చేరడానికి వచ్చే విద్యార్థులలో కొందరు విశ్వవిద్యాలయాల పీయూసీ, అంటే ప్రీ యూనివర్సిటీ కోర్సు, చదివినవారైతే, మరికొందరు హయ్యర్ సెకండరీ మల్టీపర్పస్ పరీక్ష ప్యాసైనవారు. వేర్వేరు సంస్థలు వేర్వేరు పాఠ్యాంశాలతో పెట్టిన పరీక్షల మార్కులను ఒకే త్రాసులో తూచడం న్యాయం కాదని భావించిన ప్రభుత్వం 1970లో ఎం.బి.బి.ఎస్.కు విడిగా ప్రవేశ పరీక్ష పెట్టింది. అర్హత పరీక్షలో ఎక్కువ మార్కులు తెచ్చుకుని, ప్రవేశ పరీక్షలో వెనుకబడినవారు దీన్ని సవాలు చేయగా హైకోర్టు వారి పక్షాన నిలిచింది. సుప్రీం కోర్టు 1971లో ఆ తీర్పును కొట్టివేసింది: విశ్వవిద్యాలయం నిర్ణయించే అర్హత కనీస అర్హత మాత్రమేననీ, ఆ అర్హత ఉన్న వారిలో నుంచి ఎంచుకోవడానికి తన కళాశాలలను తన ఖర్చుతో నడిపే ప్రభుత్వం మరొక పరీక్ష పెట్టవచ్చుననీ, అర్హత పరీక్షలో వచ్చిన మార్కులే సీటుకు హక్కుపత్రం కాజాలవనీ తేల్చింది. మరుసటి ఏడు, 1972లో, హయ్యర్ సెకండరీ అభ్యర్థులకు 40 శాతం సీట్లు కేటాయించడాన్ని అదే న్యాయస్థానం చెల్లదన్నది. అందరూ ఒకే ప్రవేశ పరీక్ష రాసినప్పుడు, ఎక్కడి నుంచి వచ్చారన్న ఆధారంతో వారిని విడదీయడానికి కారణం లేదన్నది దాని తర్కం.

ఈ రెండు తీర్పుల ఫలితం డెల్టాలోని ప్రతి ఇంటినీ తాకింది. 1971 చట్టంతో ఇంటర్మీడియట్ విద్యామండలి ఏర్పడి పీయూసీ కనుమరుగయ్యాక, 1986లో ఎంసెట్, అంటే ఇంజనీరింగ్, వైద్యం వంటి కోర్సుల ఉమ్మడి ప్రవేశ పరీక్ష, మొదలయ్యాక, ఇంటర్ మార్కులు అర్హతకూ, ఎంసెట్ ర్యాంకు సీటుకూ అన్న ఏర్పాటు స్థిరపడింది. అప్పటి నుంచి ఇంటరులో గట్టెక్కితే చాలుననే ధోరణి బలపడి, మార్కుల తగాదాలు కొంత చల్లబడ్డాయి. 2009లో ఎంసెట్ ర్యాంకులో ఇంటర్ మార్కులకు 25 శాతం వెయిటేజీ ఇవ్వడంతో మళ్ళీ ఒక్కొక్క మార్కుకూ ధర పెరిగింది. న్యాయస్థానాల ముందుకు మార్కుల వ్యాజ్యాలు ఎక్కువగా వచ్చేది మార్కులకు విలువ పెరిగినప్పుడేనన్నది ఇక్కడ స్పష్టంగా కనిపిస్తుంది.

జవాబు పత్రం చూసే హక్కు

పేపరు దిద్దే చోటు ఎలా ఉంటుందో తెలిస్తే తప్ప తగాదాలు ఎక్కడ పుడతాయో అర్థం కాదు. పరీక్ష ముగిసిన కొద్ది రోజులకే జిల్లా కేంద్రంలో స్పాట్ వాల్యుయేషన్ మొదలవుతుంది. జవాబు పుస్తకం మీద విద్యార్థి వివరాలున్న భాగాన్ని తొలగించి దానికొక సంకేత సంఖ్య వేస్తారు. దీన్నే కోడింగ్ అంటారు. అసిస్టెంట్ ఎగ్జామినర్ ఒక్కొక్క జవాబూ చదివి మార్కులు వేస్తే, చీఫ్ ఎగ్జామినర్ వాటిలో కొన్నింటిని మళ్ళీ చూస్తాడు. స్క్రూటినీ చేసేవారు విడిచిపెట్టిన జవాబులున్నాయా, కూడిక సరిపోయిందా అని పరీక్షిస్తారు. చివరికి సంకేత సంఖ్యను మళ్ళీ విద్యార్థి సంఖ్యతో జతచేసి మార్కులను కంప్యూటరుకు ఎక్కిస్తారు. తప్పు జరగడానికి ఇందులో నాలుగు చోట్లున్నాయి: జవాబుకు విలువ కట్టడంలో, ఒక పేజీ చూడకుండా దాటిపోవడంలో, కూడికలో, సంఖ్యలు ఎక్కించడంలో. చివరి మూడూ ఎవరు చూసినా తప్పేనని ఒప్పుకునేవి. మొదటిది మాత్రం అభిప్రాయభేదం. పరీక్షల న్యాయశాస్త్రమంతా ఈ తేడా మీదే నిలబడింది.

1984లో మహారాష్ట్ర సెకండరీ బోర్డు కేసులో సుప్రీం కోర్టు ఈ తేడాకు ముద్రవేసింది. ఆ బోర్డు నిబంధన ప్రకారం విద్యార్థి అడిగితే కూడికను, దిద్దకుండా వదిలిన జవాబులను సరిచూస్తారు గాని, జవాబును మళ్ళీ దిద్దరు, పేపరును చూపించరు. బొంబాయి హైకోర్టు ఆ నిబంధనను కొట్టివేయగా, జస్టిస్ బాలకృష్ణ ఎరాడి రాసిన తీర్పు దాన్ని తిరిగి నిలబెట్టింది. లక్షల పేపర్లను మళ్ళీ మళ్ళీ తెరిస్తే ఫలితాలకు అంతమంటూ ఉండదనీ, విద్యా విషయాలలో నిపుణుల నిర్ణయాన్ని కాదని న్యాయమూర్తులు తమ అభిప్రాయాన్ని రుద్దరాదనీ ఆ తీర్పు సారాంశం. అంతకు ముందు ఏడు, 1983లో, కాన్పూరు విశ్వవిద్యాలయం కేసులో మాత్రం ఒక చిన్న కిటికీ తెరుచుకుంది: ఒకే సరైన జవాబు ఉండే ఆబ్జెక్టివ్ ప్రశ్నలలో, మండలి నిర్ణయించిన కీ తప్పని సందేహానికి తావులేకుండా రుజువైతే కోర్టు సరిచేయవచ్చు. ఈ రోజు ప్రవేశ పరీక్షల ఫలితాలకు ముందుగా ప్రాథమిక కీ విడుదల చేసి, అభ్యంతరాలు స్వీకరించే అలవాటుకు వెనుక ఆ తీర్పు బలం ఉంది.

1984లో మూసుకున్న తలుపు 2011లో వేరే చోట తెరుచుకుంది. 2005 సమాచార హక్కు చట్టం కింద తన పేపరు ప్రతి ఇమ్మని ఒక విద్యార్థి సి.బి.ఎస్.ఇ.ని అడిగిన కేసులో, దిద్దిన జవాబు పత్రం కూడా సమాచారమేననీ, దాన్ని రాసిన విద్యార్థి నుంచే రహస్యంగా దాచే కారణం మండలికి లేదనీ జస్టిస్ ఆర్.వి. రవీంద్రన్ నేతృత్వంలోని ధర్మాసనం ఆగస్టు 9న చెప్పింది. దిద్దినవారి పేర్లు వెల్లడించనక్కరలేదు. మళ్ళీ దిద్దమనే హక్కు కూడా దీనితో రాదు. చూసే హక్కు మాత్రం వచ్చింది. టేలర్ కాలపు పన్ను నుంచి లెక్కిస్తే, బడికి సొమ్ము కట్టినవారి వారసులకు దక్కిన ఈ చిన్న హక్కు, మార్కులు కలపమన్న ఎన్ని వ్యాజ్యాలు గెలిచినా రాని మార్పు తెచ్చింది, ఎందుకంటే తన పేపరును రేపు బయటివాళ్ళు చూస్తారన్న ఎరుక దిద్దేవాడి పెన్నును కూడా అదుపులో పెడుతుంది.

దిద్దే తీరు మీద తీర్పులు

ఇటీవలి ఏళ్ళలో తెలుగు రాష్ట్రాలలో వచ్చిన పెద్ద వివాదాలన్నీ ఈ దారినే నడిచాయి. 2019 ఏప్రిల్ 18న తెలంగాణ ఇంటర్ ఫలితాలు వెలువడ్డాక హాజరైనవారికి గైర్హాజరని, బాగా రాసినవారికి సున్న అని మెమోలు రావడం, ఇరవై మందికి పైగా విద్యార్థులు ప్రాణాలు తీసుకోవడం రాష్ట్రాన్ని కుదిపేసింది. బాలల హక్కుల సంఘం హైకోర్టును ఆశ్రయించింది. ఫెయిలైన మూడు లక్షల ఎనభై వేల మందికి పైగా విద్యార్థుల పేపర్లను ఉచితంగా సరిచూడటానికి ప్రభుత్వం ఒప్పుకోగా, వారిలో 1,137 మంది ప్యాసైనట్టు తేలింది. అక్కడ తగాదా జవాబుకు కట్టిన విలువ గురించి కాదు. మార్కులను నమోదు చేసి, ఎక్కించిన యంత్రాంగం గురించి.

2021లో కోవిడ్ వల్ల మరొక చిక్కు వచ్చింది. పరీక్షలు పెట్టి తీరతామన్న ఆంధ్రప్రదేశ్‌ను సుప్రీం కోర్టు విద్యార్థుల భద్రతకు ఏ ఏర్పాట్లున్నాయని నిలదీయడంతో, జూన్ 24న ప్రభుత్వం పరీక్షలు రద్దు చేసింది. రాయని పరీక్షకు మార్కులు ఎలా వేయాలన్న ప్రశ్నకు, పదో తరగతిలో ఎక్కువ వచ్చిన మూడు సబ్జెక్టుల సగటుకు 30 శాతం, ఇంటర్ మొదటి సంవత్సరానికి 70 శాతం అన్న సూత్రం కుదిరింది. సరిగ్గా అంతకు ముందు ఏడు ఇంగ్లండులో ఉపాధ్యాయులు అంచనా వేసిన గ్రేడ్లను గణిత సూత్రంతో తగ్గించబోయి, గగ్గోలు చెలరేగడంతో 2020 ఆగస్టు 17న ప్రభుత్వం వెనక్కి తగ్గవలసి వచ్చింది; అక్కడి న్యాయస్థానం 2013లో ఆంగ్లం గ్రేడ్ల కేసులో కూడా విధానం అసమంజసమా అన్నంతవరకే విచారించింది.

మళ్ళీ దిద్దమనే హక్కు గురించి సుప్రీం కోర్టు 2017 డిసెంబరులో స్థిరపరచిన సూత్రాలు ఇప్పటి కొలబద్ద: నిబంధనల్లో రీవాల్యుయేషన్ ఉంటే అడగవచ్చు, లేకపోతే, పెద్దగా తర్కించనక్కరలేకుండానే కంటికి కనబడే తప్పు ఉన్న అరుదైన సందర్భంలోనే కోర్టు కలుగజేసుకుంటుంది, అనుమానం ఉంటే ఆ లాభం మండలికే, జాలికి తావులేదు. ఈ కొలబద్దతోనే 2022 నవంబరు 4న, విజయవాడలోని డాక్టర్ ఎన్.టి.ఆర్. ఆరోగ్య విశ్వవిద్యాలయం కేసులో, పీజీ వైద్య విద్యార్థుల జవాబు పత్రాలను తెప్పించుకుని చూసిన హైకోర్టు చర్య సరికాదని సుప్రీం కోర్టు చెప్పింది. ఉద్యోగ పరీక్షలలో మాత్రం పద్ధతి మీద పోరాటం ఇంకా పదునెక్కింది: 2018 నాటి ఆంధ్రప్రదేశ్ గ్రూప్-1 మెయిన్స్‌ను కంప్యూటరు తెర మీద దిద్దించిన పద్ధతిని కాదని 2021లో హైకోర్టు చేతితో దిద్దమని ఆదేశించింది, ఆ దిద్దుబాటు మీదే మళ్ళీ వివాదం రేగి, 2024 మార్చిలో ఏకసభ్య ధర్మాసనం ఆ పరీక్షను రద్దు చేస్తే డివిజన్ బెంచ్ దాన్ని నిలిపివేసింది.

నేటి లెక్క

నరసాపురంలో ఇంటర్ రాసిన విద్యార్థికి ఫలితం మీద అనుమానం వస్తే నేడు రెండు మెట్లున్నాయి. రీకౌంటింగ్ అంటే కూడిక సరిచూడటం. రీవెరిఫికేషన్ అంటే దిద్దకుండా వదిలిన జవాబులను కూడా చూసి, పేపరు స్కాన్ కాపీ చేతికివ్వడం. ఇటీవలి ఏళ్ళలో వీటి రుసుము పేపరుకు వరుసగా 260, 1,300 రూపాయలు. వేసిన మార్కును మార్చే రీవాల్యుయేషన్ ఇంటర్ మండలిలో లేదు. డిగ్రీ, ఇంజనీరింగ్ చదువులలో విశ్వవిద్యాలయాల నిబంధనల మేరకు ఉంది. వై.ఎన్. కళాశాల స్వయంప్రతిపత్తి పొంది తన పరీక్షలు తానే పెట్టుకుంటోంది కాబట్టి, ఒకనాడు మద్రాసులో, తరువాత వాల్తేరులో ఉన్న పరీక్షాధికారం నరసాపురం వీధుల్లోకే వచ్చినట్టయింది. అయినా 2025 వేసవిలో పదో తరగతి పేపర్లను సరిచూసినప్పుడు వేల కొద్దీ పేపర్లలో మార్కులు మారి, కొందరు ఉపాధ్యాయులు సస్పెండు కావడం, అధికారం దగ్గరికి వచ్చినంత మాత్రాన తప్పులు తగ్గవని చూపింది.

మార్కులు వేయడానికి న్యాయస్థానం నిరాకరించడం సబబే. ఒక జవాబు విలువ ఎంతో ఆ సబ్జెక్టు తెలిసినవాడే చెప్పాలి. అయితే అభిప్రాయభేదం అన్న ముసుగు కింద కూడిక తప్పులూ, వదిలేసిన పేజీలూ, తారుమారైన సంఖ్యలూ దాగిపోయిన కాలం చాలా పొడుగు. పేపరు విద్యార్థి చేతికి వచ్చినప్పుడే ఈ రెండింటినీ విడదీయడం సాధ్యమయింది. ఆ పేపరు కోసం ఫెయిలైన విద్యార్థే ముందుగా రుసుము కట్టి, తన అనుమానాన్ని తానే రుజువు చేసుకోవలసిన పద్ధతి మాత్రం ఇంకా మారలేదు. దిద్దిన ప్రతి పేపరునూ అడగకుండానే రాసినవారికి అందుబాటులో ఉంచే నియమం ఏదైనా మండలి తనంతట తాను చేసుకుంటే, హైకోర్టుకు వెళ్ళే మార్కుల వ్యాజ్యాలలో చాలా భాగం స్పాట్ కేంద్రం గడప దాటకుండానే తేలిపోతాయి.